కుర్చీలోంచి లేచి నిలబడిన గొంతు

సంపాదకుల వారికి నమస్కారం.

పోయిన ఆదివారం మీ అనుబంధంలో సెకండ్ ఇన్నింగ్స్ మీద రెండు పేజీల వ్యాసం వచ్చింది. హీరోగా మార్కెట్ తగ్గాక విలన్‌గానో తండ్రి పాత్రలతోనో మళ్లీ నిలదొక్కుకున్న వాళ్ల గురించి. 2014లో లెజెండ్‌తో జగపతిబాబు గారి దశ ఎలా తిరిగిందో బాగా రాశారు, నాకూ ఆయనంటే ఇష్టమే. కానీ ఆ రెండు పేజీలూ చదివి, నమ్మలేక మళ్లీ మొదటి నుంచి చదివి, ఒక్క పేరు కోసం వెతికాను. ఎక్కడా లేదు. నటుడు నూతన్ ప్రసాద్ గారి పేరు.

మీరు రాసిన వాళ్లంతా మార్కెట్ పోగొట్టుకుని మళ్లీ సంపాదించుకున్న వాళ్లు. అది కష్టమే, కాదనను. నూతన్ ప్రసాద్ గారికి పోయింది మార్కెట్ కాదు. చేతినిండా సినిమాలున్న రోజుల్లో, 1989లో, బామ్మమాట బంగారుబాట షూటింగులో ప్రమాదం జరిగి ఆయన వెన్నెముక దెబ్బతింది, నడుము కింద భాగం పనిచేయకుండా పోయింది. అప్పుడాయన వయసు నలభై మూడో నలభై నాలుగో. మామూలుగా ఒక క్యారెక్టర్ ఆర్టిస్టుకి అసలైన పాత్రలు మొదలయ్యే వయసు అది. అక్కడితో ఇంటికే పరిమితమైపోయినా ఎవరూ ఏమీ అనేవాళ్లు కాదు. ఆయన మాత్రం కుర్చీలో కూర్చునే మళ్లీ కెమెరా ముందుకొచ్చారు, టీవీలోకి కూడా వచ్చారు. సెకండ్ ఇన్నింగ్స్ అనే మాటకి ఇంతకంటే సరిపోయే మనిషి తెలుగులో నాకైతే కనిపించలేదు.

మీ దగ్గర పనిచేసే కుర్రవాళ్లకి ఆయన తెలియకపోవచ్చు, వాళ్లని నేను తప్పుపట్టడం లేదు. 2021లో నూటొక్క జిల్లాల అందగాడు అని ఒక సినిమా వచ్చింది కదా, మా అక్క కొడుకు దాని గురించి మాట్లాడుతుంటే ఆ మాట ఎవరిదో తెలుసా అని అడిగాను. సినిమా పేరే కదా మామా అన్నాడు. అది నూతన్ ప్రసాద్ గారి నోట పుట్టి ఊరూరా తిరిగిన మాటరా, మా చిన్నప్పుడు కొత్త చొక్కా వేసుకుని బయటికొచ్చిన ప్రతివాడినీ ఆ మాటతోనే ఆటపట్టించేవాళ్లం అని చెబితే వింతగా చూశాడు. మాట బతికింది, దాన్ని పలికిన మనిషి పేరు ఊడిపోయింది. అందుకే ఆయన గురించి నాకు తెలిసింది కాస్త ఇక్కడ రాస్తాను, మీకు వీలైతే వేయండి.

అసలు పేరు తాడినాడ వరప్రసాద్. 1945 డిసెంబరు 12న అప్పటి కృష్ణా జిల్లా కైకలూరులో పుట్టారు, ఇప్పుడు ఆ ఊరు ఏలూరు జిల్లాలో ఉంది. ఐటీఐ చదివి హైదరాబాద్ ఆల్విన్‌లో ఉద్యోగం చేశారు. ఆల్విన్ అంటే ఈ తరానికి తెలియదు గానీ ఫ్రిజ్‌లు, గడియారాలు, బస్సు బాడీలు చేసిన కంపెనీ, అందులో ఉద్యోగమంటే పిల్లనివ్వడానికి ఇంకేమీ అడగని రోజులవి. అలాంటి ఉద్యోగంలో ఉంటూ నాటకాల్లోకి వెళ్లారు. భానుప్రకాష్ గారితో, ఎ.ఆర్.కృష్ణ గారితో నాటకాలు వేశారు. ఆ నాటకాలు నేను చూడలేదు, చూసే వయసూ కాదు, కానీ ఆయన సినిమాలు చూస్తే స్టేజీ మీద పండిన మనిషని తెలిసిపోతుంది, మాట ఎక్కడ ఆపాలో, ఆపి ఎంతసేపు ఊరుకోవాలో తెలుసు ఆయనకి. సినిమా కోసం ఆల్విన్ ఉద్యోగం వదిలేశారు.

1973లో బాపు గారి అందాల రాముడుతో సినిమాల్లోకి వచ్చారు. పేరు తెచ్చింది మాత్రం 1975లో ముత్యాలముగ్గు. అందులో రావు గోపాలరావు గారు కాంట్రాక్టరు, ఆ పాత్ర ముందు ఎవరు నిలబడినా కొట్టుకుపోవాల్సిందే, అలాంటి చోట నిత్య పెళ్లికొడుకుగా వచ్చి తన ముద్ర వేశారు నూతన్ ప్రసాద్. ఇంత పెద్ద పాత్ర పక్కన చిన్న పాత్రతో గుర్తుండిపోవడం ఎంత కష్టమో నటించే వాళ్లని అడగండి. 1978లో చలిచీమలులో ముఖ్యమైన పాత్ర. ఆ తర్వాత 1980లో రాజాధిరాజు, బాపు గారిదే, అందులో ఆయన సైతాను. దేవుడి వేషం వేసిన వాళ్లు మన సినిమాల్లో చాలామంది ఉన్నారు, సైతాను వేషాన్ని ఇంత ఇష్టంగా వేసినాయన ఒక్కరే. కొత్త దేవుడండీ పాటలో ఆయన నడక చూడండి. ఆ నడక మీదే పాట అంతా నడుస్తుంది. వెక్కిరింత భుజాల్లో ఉంటుంది, మోకాళ్లలో ఉంటుంది, మెడ తిప్పడంలో ఉంటుంది. నేను ఆ పాట ఎన్నోసార్లు చూశాను, ఇప్పుడు చూస్తే కాళ్ల వైపే చూపు పోతుంది, మరో తొమ్మిదేళ్లకి ఆ కాళ్లు లేవవు అని తెలిసి చూడటం వేరుగా ఉంటుంది.

ఆయన్ని హాస్యనటుడు అని కొందరు, విలన్ అని కొందరు రాస్తుంటారు. రెండూ పూర్తిగా నిజం కాదు. నవ్విస్తూనే భయపెట్టేవారు. మాటని సాగదీసి, చివర్లో చిన్నగా తుంచి వదిలేవారు, ఆ తుంచడంలో ఎదుటివాడి పరువు పోయేది. మేము నల్లగొండ వాళ్లం, మాకు ఆ కృష్ణా జిల్లా యాస సినిమా యాసే, అయినా ఆయన మాట్లాడితే మా ఊరి దొర దగ్గర ఉండే గుమాస్తా గుర్తొచ్చేవాడు. సుందరి సుబ్బారావు సినిమాకి ఆయనకి నంది అవార్డు కూడా వచ్చింది.

ఇక్కడి నుంచి కొంచెం మా ఇంటి సంగతి రాయాలి. అది లేకుండా ఈ ఉత్తరం రాయలేను, ఎందుకంటే ఆయన మొదటి సగం సినిమా చూసే ప్రతివాళ్లకీ తెలుసు, రెండో సగం విలువ నాకు మా నాయన వల్ల తెలిసింది.

మా నాయన గీత కార్మికుడు. రామన్నపేట దగ్గర మా ఊళ్లో రోజూ పొద్దున, సాయంత్రం కల్లు గీయడానికి తాటిచెట్లెక్కేవాడు. 1998 ఎండాకాలంలో చెట్టెక్కే మోకు తాడు తెగి పడ్డాడు. నేను ఇంటర్ రెండో సంవత్సరం పరీక్షలు రాసి ఉన్నాను. ప్రాణం దక్కింది, వెన్నెముక పోయింది. ఇప్పుడు ప్రభుత్వం కాటమయ్య రక్ష అని సేఫ్టీ కిట్లు ఇస్తోంది, అప్పుడు చెట్టెక్కే మోకు, ముత్తాదు, మా గీత కార్మికుల దేవుడు కాటమయ్య మీద భారం, అంతే. ఆస్పత్రిలో రెండు నెలలున్నాడు, డాక్టర్లు చేయగలిగింది చేశారు, ఇంటికొచ్చాక నులక మంచం మీద, తర్వాత ఎవరో దాతలు ఇచ్చిన చక్రాల కుర్చీలో.

కాళ్లు పోయాయన్న సంగతి అందరికీ కనిపిస్తుంది. కనిపించనిది ఇంకోటి ఉంది, అది ఇంట్లో వాళ్లకే తెలుస్తుంది. మా నాయన గొంతు తగ్గిపోయింది. చెట్టు కొసన నిలబడి ఊళ్లో ఉన్న మా అమ్మని పిలిస్తే వినపడేది ఒకప్పుడు. పడ్డాక పక్క గదిలోంచి పిలిచినా సరిగా వినపడేది కాదు. పొట్ట కండరాల్లో బలం లేకపోతే గాలి గట్టిగా తోయలేరు, దగ్గు కూడా సరిగా రాదు అని ఫిజియోథెరపీ చేసే ఆయన చెప్పాడు. రోజంతా కూర్చునే ఉంటే గొంతు కూడా కూర్చుండిపోతుంది. పైగా మాట్లాడాలనే కోరిక కూడా పోయింది మా నాయనకి. ఎవరైనా పలకరించడానికొస్తే కళ్లు మూసుకునేవాడు.

అప్పటికి మా ఊరికి కేబుల్ వచ్చింది. రాత్రిపూట ఈటీవీలో నేరాలు-ఘోరాలు వచ్చేది, ఎక్కడెక్కడ జరిగిన నేరాలనో నటులతో మళ్లీ చూపించేవాళ్లు, వెనకాల కథ చెప్పేది నూతన్ ప్రసాద్ గారు. ఆ రోజుల్లో ఊళ్లలో దాన్ని చూడని ఇల్లు లేదనుకుంటాను. పిల్లలకి భయం, పడుకోమంటే పడుకునేవాళ్లు కాదు, దుప్పటి కప్పుకుని చూసేవాళ్లు. బొమ్మ సంగతి పక్కన పెట్టండి, ఆ గొంతు. సినిమాల్లో వెక్కిరించిన గొంతే, కానీ ఇక్కడ వెక్కిరింత లేదు. హత్య జరిగిన ఇంటి గడప దగ్గర నిలబడి మనతో ఒక్కడే మాట్లాడుతున్నట్టు ఉండేది. అరవడు, పరిగెత్తించడు. ఇప్పటి క్రైమ్ ప్రోగ్రాముల్లో యాంకర్లు కేకలు పెడుతుంటే నాకు ఆయనే గుర్తొస్తారు, ఆయన ఒక్క వాక్యం నెమ్మదిగా చెప్పి ఆగితే ఇంట్లో గాలి ఆగిపోయేది.

ఒకరోజు మా ఊరి టైలర్ మా నాయనని చూడటానికొచ్చి, టీవీలో ఆ గొంతు వినపడగానే, ఈయన కూడా నడవలేడు తెలుసా, సినిమా షూటింగులో దెబ్బ తగిలి కుర్చీలోనే ఉంటాడు అన్నాడు. మా నాయన నమ్మలేదు. అబద్ధం అన్నాడు. నేను పాత పేపర్లు వెతికి ఒక కటింగ్ చూపించాక నమ్మాడు. చాలాసేపు ఆ ఫొటో చూసి, "గాయినె సుత నా లెక్కనే కుర్సీల కూసున్నడు. కని గా గొంతు సూడు, ఎట్ల లేసి నిలవడ్డదో" అన్నాడు. పడ్డాక మా నాయన అంత పెద్ద మాట మాట్లాడటం నేను అదే మొదటిసారి విన్నాను.

ఆ తర్వాత ఆ ప్రోగ్రాం వచ్చే టైముకి మా నాయన తనే కుర్చీలోకి ఎత్తమని అడిగేవాడు. మంచంలో పడుకుని చూసేవాడు కాదు. ఆయన కూర్చుని చెబుతుంటే నేను పండుకుని వినుడేంది అనేవాడు. ఆయన చెప్పిన వాక్యం వెనకాలే తనూ మెల్లగా అనేవాడు. మా అమ్మ ముందు భయపడింది, ఏమైనా అయిందేమోనని. నేను డాక్టరుని కాదు, దానివల్లే బాగుపడ్డాడని చెప్పను, కానీ ఒక ఏడాది తిరిగేసరికి వాకిట్లో కూర్చుని వీధి చివర పోయే వాళ్లని పేరు పెట్టి పిలిచేవాడు. కల్లు మండువా లెక్కలు కుర్చీలోంచే చూసేవాడు.

మా నాయన వల్లే ఆ పని ఎంత కష్టమో నాకు అర్థమైంది. నటుడికి శరీరమంతా పనిముట్టు. దానిలో సగం పోయింది. మిగిలింది మొహం, చేతులు, గొంతు. ఆ గొంతుకి ఊపిరి ఇచ్చే పొట్ట కూడా మునుపటిలా సహకరించని స్థితిలో ఒక పెద్ద డైలాగు మధ్యలో గాలి పీల్చకుండా చెప్పాలంటే ఎంత సాధన చేసి ఉంటారో ఆలోచించండి. ప్రమాదం తర్వాత ఆయన నటించిన సీన్లు దొరికితే ఒకసారి ఆ దృష్టితో చూడండి. అందరూ నడుస్తూ, లేస్తూ, తిరుగుతూ ఉంటారు, ఆయన ఒక్కరే కదలరు, అయినా మన చూపు ఆయన మీదే ఆగుతుంది. ఇదంతా జాలి కోసం చెప్పడం లేదు. జాలి పడాల్సిన నటన కాదది. ఆ పాత్రలు ఇచ్చిన దర్శకుల్ని కూడా మెచ్చుకోవాలి, రాసుకున్న పాత్రని కుర్చీలోకి మార్చి ఆయన ఇంటి గడప తొక్కారు. ఇప్పుడు ఎంతమంది ఆ పని చేస్తారు? చక్రాల కుర్చీ పాత్ర ఉంటే నడవగలిగే వాళ్లని కూర్చోబెట్టి చేయిస్తున్నారు గానీ కుర్చీలో ఉన్న నటులు ఎవరైనా ఉన్నారా అని అడుగుతున్నారా?

ఒక మాట అడగాలి. ప్రమాదంలో కాలు పోగొట్టుకున్న సుధాచంద్రన్ గారి జీవితాన్ని మయూరిగా తీసింది మన తెలుగువాళ్లే, తీసి ఆమెనే అందులో నటింపజేశారు, దేశమంతా చూసింది. అది మనం గర్వపడాల్సిన పని. మరి మన మధ్యే, మన స్టూడియోల మధ్యే ఇరవై రెండేళ్లు కుర్చీలో ఉన్న మనిషి కథ ఎవరికీ కథలా ఎందుకు కనిపించలేదు? క్యారెక్టర్ ఆర్టిస్టు కాబట్టా?

2011 మార్చి 30న ఆయన చనిపోయారు. మర్నాడు పేపర్లో వార్త నేనే చదివి వినిపించాను మా నాయనకి. మా వైపు ఎడిషన్లో చిన్న వార్త, ఒక పాత ఫొటో, నాలుగు సినిమాల పేర్లు, ప్రగాఢ సంతాపం అని నలుగురు ప్రముఖులు. నేరాలు-ఘోరాలు గురించి ఒక్క ముక్క లేదు. మా నాయన అంతా విని, ఎన్నేండ్లు కూసున్నడు అని అడిగాడు. ఇరవై రెండు అన్నాను. తను కూర్చున్న ఏళ్లు వేళ్ల మీద లెక్కపెట్టుకున్నాడు. పదమూడు. ఇంక తొమ్మిదేండ్లన్న ఉండాలె నేను అన్నాడు. 2016లో పోయాడు, పద్దెనిమిదేళ్లు కూర్చుని.

సంపాదకుల వారూ, ఇది ఒక్క నూతన్ ప్రసాద్ గారి సంగతే కాదు. పి.ఎల్.నారాయణ గారికి యజ్ఞం సినిమాకి 1991లో ఉత్తమ సహాయ నటుడిగా జాతీయ అవార్డు వచ్చింది, దేశం మొత్తం మీద ఒక్కరికి ఇచ్చేది, ఆయన మీద ఒక పూర్తి పేజీ నేను ఏ ఆదివారం అనుబంధంలోనూ చూడలేదు. సాక్షి రంగారావు గారు మొదటి సినిమా పేరునే ఇంటిపేరు చేసుకుని వందల సినిమాలు చేశారు. రాళ్లపల్లి గారు, నిర్మలమ్మ గారు, వీళ్లు లేకుండా 1980ల్లో తెలుగు సినిమా ఒక్క రీలైనా నడిచేదా? హీరో పుట్టినరోజుకి మీరు ఆయన తొలి సినిమా నుంచి చెప్పుల సైజు దాకా రాస్తారు. వీళ్ల గురించి రాయాల్సి వస్తే, ఎన్ని సినిమాల్లో నటించారనే అంకె ఒకటి వేసి వదిలేస్తారు. ఆ అంకె కూడా ఒక పేపర్లో ఒకటి, ఇంకో పేపర్లో ఇంకొకటి. టీవీలో చేసిన పనైతే అసలు పనే కాదన్నట్టు ఉంటుంది, సినిమా అవకాశాలు తగ్గి టీవీకి వెళ్లారు అని ఒక్క వాక్యంతో తేల్చేస్తారు. మా నాయన లాంటి వాళ్లకి థియేటర్ మెట్లు ఎక్కే దారి లేదు. వాళ్లకి టీవీయే సినిమా, టీవీయే నాటకం. అక్కడ చేసిన పని తక్కువదని ఎవరు నిర్ణయించారు?

నేను అడిగేది పెద్ద కోరికేమీ కాదు. ఆదివారం అనుబంధంలో వారానికి ఒక్క పేజీ, అది కుదరకపోతే నెలకి ఒక్క పేజీ, క్యారెక్టర్ ఆర్టిస్టులకి ఇవ్వండి. ఉన్నవాళ్ల దగ్గరికి ముందు వెళ్లండి. డెబ్బై దాటినవాళ్లు చాలామంది హైదరాబాద్ కృష్ణానగర్ చుట్టుపక్కల ఇళ్లలోనే ఉన్నారు, ఫోన్ చేస్తే మాట్లాడతారు, వాళ్ల దగ్గర ఫొటోలుంటాయి, నాటకాల కరపత్రాలుంటాయి, ఏ సీను ఎలా తీశారో చెప్పడానికి బోలెడంత ఓపిక ఉంటుంది. పోయాక రాయడానికి మీ దగ్గరా ఏమీ ఉండదు, మా దగ్గరా ఉండదు. నాటకంలో ఏం చేశారు, మొదటి కాల్షీట్‌కి ఎంత ఇచ్చారు, డబ్బింగ్ ఎవరికి చెప్పారు, టీవీలో ఏం చేశారు, పని లేని నెలల్లో ఇల్లు ఎలా గడిచింది, ఇవన్నీ అడగండి. డైరెక్టర్ గారు దేవుడు, హీరో గారు బంగారం అనే మాటలు వద్దు, అవి రోజూ వింటూనే ఉన్నాం.

ఇంకోటి. సినిమా స్టిల్ వేసినప్పుడు కింద హీరో హీరోయిన్ల పేర్లు వేసి పక్కన నిలబడిన వాళ్లని వదిలేస్తున్నారు. నలుగురుంటే నాలుగు పేర్లూ వేయండి. మా అక్క కొడుకు లాంటి వాళ్లకి అలాగైనా తెలుస్తుంది.

పైన చెప్పిన కటింగ్ ఇప్పటికీ మా ఇంట్లో ఉంది. మా నాయన దాన్ని పట్టా పాసుపుస్తకంలో పెట్టి దాచుకున్నాడు, మడతల దగ్గర చిరిగింది గానీ ఫొటో బాగానే ఉంది, కుర్చీలో కూర్చుని నవ్వుతున్న ఫొటో. మీరు నూతన్ ప్రసాద్ గారి మీద పేజీ వేస్తానంటే స్కాన్ చేసి పంపిస్తాను. అసలు కాగితం మాత్రం ఇవ్వలేను.

ఇట్లు
మీ పాఠకుడు,
రామన్నపేట మండలం, యాదాద్రి భువనగిరి జిల్లా